కూస్తే జవాబిచ్చే పక్షి: మన వేటగాళ్ల చెవి గురించి కొంత చరిత్ర

పోస్టు పొడుగుంది, తీరిగ్గా చదవండి.

మాణికేశ్వర్ నగర్‌ల రూమ్ తీసుకుని చదువుకున్నోళ్లందరికీ ఈ సంగతి ఎరుకే. తెల్లారకముందు ఆర్ట్స్ కాలేజ్ స్టేషన్ దిక్కు రైలు కూత పెట్టంగనే క్యాంపస్ చెట్లల్ల నెమళ్లు కేకలేస్తయి. ఉరుము ఉరిమినా అంతే, బరాత్‌ల పటాకులు పేలినా అంతే. మొదటి సంవత్సరం మాకు నిద్ర పాడయితుందని కోపమొచ్చేది. మా రూమ్‌ల ఒక తమ్ముడు మాత్రం దుప్పటి తియ్యకుండనే "మూడున్నయి. రెండు దగ్గర దగ్గర, ఒకటి పట్టాల అవతల" అనేటోడు. నీకెట్ల తెలుసురా అంటే "అవే చెప్పినయి గద అన్నా" అన్నడు.

ఆ తమ్ముడిది నక్కల తెగ. ఆ చెవి వాళ్ల తాత ఇచ్చింది. అతని మాట పట్టుకుని మేము కొంత చదివినం, కొంత అడిగినం. అది మీ ముందు పెడుతున్నం.

పెద్ద చప్పుడు వినబడితే పక్షి ఆగలేక జవాబిస్తది. దీన్ని వేటకు వాడుకునుడు లోకమంతా ఉంది. అమెరికాలో అడవి టర్కీ కోడిని వేటాడేటోళ్లు దీనికి పేరు కూడా పెట్టుకున్నరు, లొకేటర్ కాల్ అని. మన భాషలో జాడ కూత అనొచ్చు. వసంతకాలంల చీకటి ఉండంగనే అడవికి పోయి గుడ్లగూబ లెక్కనో, కాకి లెక్కనో ఒక్కసారి కూస్తరు. చెట్టు మీద పండుకున్న టర్కీ పుంజు ఉలిక్కిపడి గబగబమని అరుస్తది. అది గుడ్లగూబ దగ్గరికి రాదు, వచ్చే పనే లేదు. తను ఎక్కడుందో మాత్రం బయటపెట్టుకుంటది. వేటగాడు ఆ దిక్కు గుర్తుపెట్టుకుని, చప్పుడు చెయ్యకుండ దగ్గరికి పోయి చెట్టుకు ఆనుకుని కూసుంటడు. అప్పుడు పెట్ట గొంతుతో పిలుస్తడు. అంటే రెండు మెట్లున్నయి. మొదటి కూత జాడ కోసం, రెండోది రప్పించడానికి. ఈ తేడా తెల్వనోడు మొదట్లనే పెట్ట గొంతు ఎత్తి వేట పాడుచేసుకుంటడు.

టర్కీ, నెమలి, కౌజు, మన ఇంటి కోడి, ఇవన్నీ జంతుశాస్త్రంల ఒకే కుటుంబం. కాబట్టి క్యాంపస్ నెమలి రైలుకు జవాబిచ్చుడు, అమెరికా టర్కీ గుడ్లగూబకు జవాబిచ్చుడు దాయాదుల అలవాటే అనుకోవచ్చు.

అక్కడ కూడా ఈ విద్య ముందుగాల ఆదివాసులదే. టర్కీ రెక్క బొక్కను గొట్టం చేసి, నోట్లె పెట్టుకుని గాలి పీలిస్తే పెట్ట గొంతు వస్తదని వాళ్లు కనిపెట్టిన్రు. తర్వాత తెల్లోళ్లు కర్ర డబ్బా మీద మూత రుద్ది అదే గొంతు తీసే పరికరం చేసిన్రు. 1897లో ఆర్కాన్సాస్‌కు చెందిన హెన్రీ గిబ్సన్ దాని మీద పేటెంటు తీసుకున్నడు. ఇయ్యాల అక్కడ కూతల పోటీలున్నయి, బహుమతులున్నయి.

ఇప్పుడు మన దగ్గరికి వద్దాం.

థర్‌స్టన్, రంగాచారి కలిసి 1909లో దక్షిణ భారత కులాలు, తెగల మీద ఏడు సంపుటాలు వేసిన్రు. ఆన్‌లైన్‌ల ఫ్రీగా దొరుకుతయి. అండ్ల కురువిక్కారన్ అని చూడండి. తమిళంల ఆ పేరుకు పిట్టలు పట్టేటోళ్లు అని అర్థం. తెలుగోళ్లు వాళ్లనే నక్కలోళ్లు అన్నరు. వాళ్లకు వాళ్లు పెట్టుకున్న పేరు వాగ్రి, మాట్లాడేది గుజరాతీకి దగ్గరి చుట్టమైన వాగ్రిబోలి. నక్క ఊళను వీళ్లు అచ్చంగా తీస్తరు, ఆ ఊళ విని వచ్చిన నక్కలను వలలతో పడతరు అనే సంగతి ఆ పుస్తకంల ఉంది. నక్కకొమ్ము అని నకిలీది చేసి అమ్ముతరని కూడా ఉంది. అది దాచిపెట్టాల్సిన పని లేదు. కొనేటోళ్లు ఉన్నరు కాబట్టి అమ్మిన్రు.

మా తమ్ముడు వాళ్ల తాత దగ్గర విన్నది ఇంక వివరంగ చెప్పిండు. పొద్దు మునిగినంక ఒక్కడే నిలబడి ఒంటి నక్క గొంతు ఎత్తుతడట. నక్కలకు ఒక గుణముంది, ఒకటి ఊళ పెడితే చుట్టుపక్కల గుంపులన్నీ అందుకుంటయి. ఏ గుంపు ఏ గట్టు మీదుందో, ఎన్నున్నయో అప్పుడే లెక్క తెలుస్తది. తర్వాత వల కట్టినంక గొంతు మారుస్తడు. జాడ తీసేది వేరే ఊళ, రప్పించేది వేరే ఊళ. టర్కీ వేటగాడి రెండు మెట్లు ఇక్కడ కూడ ఉన్నయి, పరికరం లేదు, పేటెంటు లేదు. నోరే పరికరం.

పార్ధీలది ఇంకో పద్ధతి. ఆదిలాబాద్ దిక్కోళ్లకు వీళ్లు తెలుసు. కౌజు మగపిట్టను సాది, చిన్న పంజరంల పెట్టి చేను గట్టున దించుతరు. (ఇప్పుడు హోటళ్లల్ల కౌజు అని పెట్టేది ఫారంల పెంచిన జపాన్ పిట్ట, ఇది అది కాదు.) సాదిన పిట్ట కూస్తది. ఆ జాగకు యజమాని అయిన అడవి మగపిట్ట "నా హద్దులకు వచ్చినోడెవడు" అని మొదలు జవాబిస్తది, తర్వాత కొట్లాటకు ఉరికొస్తది. పంజరం చుట్టూ ఉచ్చులుంటయి. ఇట్ల వేటకు సాదిన పిట్టనో జింకనో తెలుగుల దీమం అంటరు. భాషలో మాటే ఉందంటే ఆ పని ఎంత పాతదో ఆలోచించండి. పార్ధీలకు మీర్ షికారీ అని ఇంకో పేరుంది. దొరల కొలువుల్ల వేట చూసుకునే పెద్దను అట్ల పిలిచేటోళ్లు.

అంత పేరున్న పని నేరం ఎట్లయింది?

1871లో నేరస్థ తెగల చట్టం వచ్చింది. 1911 చట్టంతో అది మద్రాసు రాష్ట్రానికి కూడా పాకింది. ఎరుకలోళ్ల స్టువర్టుపురం 1913ల పుట్టింది అందులోంచే. జాబితాకెక్కిన జాతుల మనుషులు పోలీసు పేరు పిలిస్తే "హాజర్" అనాలి, అనకపోతే శిక్ష. అది చదివినప్పుడు మా రూమ్‌ల కొంచెంసేపు ఎవరం మాట్లాడలే. అది కూడా జాడ కూతే. ఈసారి పిలిచేది వాళ్లు, ఎక్కడున్నమో చెప్పుకునేది మనం. ఆ చట్టం రద్దయింది 1952లో. 1972లో వన్యప్రాణి చట్టం వచ్చింది, 1991 సవరణతో లైసెన్సు వేట కూడా పోయింది. లైసెన్సు ఎవరి చేతికి దొరికేదో మీకు తెలుసు. చట్టం తప్పని మేము అంటలేం, నక్కలు, కౌజులు మిగలాలె. కానీ ఆ విద్య మీదనే బతికినోళ్లకు బదులు ఏమిచ్చిన్రు అనేది అడగాల్సిన ప్రశ్న.

2003ల నక్కల, కుర్వికరన్ పేర్లు ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ఎస్టీ జాబితాల చేరినయి. పార్ధీలు మహారాష్ట్రల ఎస్టీ, పెన్‌గంగ దాటి ఇటొస్తే బీసీ-ఏ. మా తమ్ముడు సర్టిఫికెట్ కోసం ఒక ఆఫీసుకు పోతే, అక్కడి మనిషి నవ్వుకుంట "నక్కలోనివైతే ఏదీ, ఒకసారి ఊళ పెట్టు చూద్దాం" అన్నడట. తమ్ముడు పెట్టలే. సర్టిఫికెట్ తర్వాత వచ్చింది. కానీ ఆ దినం నుంచి అతను మా ముందర కూడా ఏ కూతా తియ్యడు. నెమళ్ల లెక్క మాత్రం చెప్తడు.

ఇదే విద్యకు మర్యాద దొరికిన జాగ కూడ ఒకటుంది. 1931-32ల నిజాం రాజ్యంల పక్షుల సర్వే చేసిన సాలిం అలీ పేరు మీరు వినే ఉంటరు. తర్వాత ఆయన బొంబాయి సంస్థ పక్షులకు రింగులు తొడిగి వలసలు లెక్కగట్టేటప్పుడు, పక్షిని దెబ్బ తగలకుండ పట్టేటోళ్లు కావాల్సొచ్చింది. బిహార్ మీర్ షికార్ల నుంచి వచ్చిన అలీ హుస్సేన్ ఆ పని చేసిండు. తాతల కాలం ఉచ్చులు, కూతలే ఆయన సామాను. ఇప్పుడు పక్షుల లెక్కకు వచ్చేటోళ్లు ఫోన్‌ల కూత రికార్డు పెట్టి, ఏది జవాబిస్తదో రాసుకుంటున్నరు. మా తమ్ముడు చూసి "మా తాత ఫోన్ లేకుండ చేసిండు" అన్నడు, అంతే.

మన ఓయూలనే 1945 నుంచి కొన్నేండ్లు ప్రొఫెసర్‌గా ఉన్న హైమన్‌డార్ఫ్ చెంచుల మీద, కొండరెడ్ల మీద, రాజ్‌గోండుల మీద పుస్తకాలు రాసిండు. నక్కలోళ్ల మీద, పార్ధీల మీద ఆయన అట్లాంటి పుస్తకం రాయలే. ఊరూరు తిరిగేటోళ్ల దగ్గర కూసొని రాసుడు కష్టమే మరి. ఆ పని మనం చెయ్యొచ్చు.

దసరా సెలవులకు ఇండ్లకు పోతున్నరు గదా. మీ తాతలు, నాయనమ్మలు పిట్టల కూతలు, నక్క ఊళ తీసేటోళ్లయితే ఫోన్‌ల రికార్డు చెయ్యండి. వాళ్లు ఒప్పుకుంటేనే. మీ భాషల ఆ పిట్ట పేరేంది, ఏ కూత జాడకు, ఏది రప్పించడానికి, ఏ నెలల పనికొస్తది, ఇవన్నీ వాళ్ల నోటితోనే చెప్పించండి. గ్రూప్‌ల పెట్టేటప్పుడు పిట్ట ఎక్కడుంటదో ఊరి పేరు, గుట్ట పేరు మాత్రం రాయకండి.