లోవ తోట ఊటకు వెల కట్టిన తీర్పు

తగరపువలస దగ్గర గోస్తనీ నది దాటి జాతీయ రహదారి మీద ఉత్తరంగా సాగితే కాసేపట్లో భోగాపురం వస్తుంది. విమానాశ్రయం కోసం 2015లో ఇక్కడ సుమారు 15 వేల ఎకరాలు తీసుకుంటామన్నారు. రైతులు ఎదురు తిరిగారు, కోర్టుకెక్కారు. ఆ లెక్క చివరకు 2,700 ఎకరాల దగ్గరికి దిగింది. కొబ్బరి, జీడిమామిడి, సరుగుడు పెరిగే ఆ నేల ఎకరా ధర ఇంత అని దేన్ని చూసి తేల్చాలి? జవాబు కోసం దూరం పోనక్కర్లేదు. భూసేకరణ కేసుల్లో దేశమంతటా న్యాయవాదులు నేటికీ ఉదహరించే తీర్పు పుట్టింది విశాఖపట్నం రేవు పక్కనున్న ఒక తోట గొడవలోనే.

బెంగాల్ నాగపూర్ రైల్వే ఆధ్వర్యంలో రేవు కడుతున్న రోజులవి. పనివాళ్లను మలేరియా పట్టి పీడిస్తోంది. దాని నివారణ పనులకని 1928లో లోవ తోటలనే లోయను సేకరించేందుకు ప్రకటన ఇచ్చారు. ఆ తోటలు చెముడు జమీందారు వైరిచర్ల నారాయణ గజపతిరాజువి. అక్కడ మంచినీటి ఊట ఉంది. రేవు చుట్టూ వెలిసే సంస్థలకు ఆ నీరు కావాలి కనుక ఆ అవకాశానికీ ధర కట్టాలని ఆయన వాదించారు. మద్రాసు హైకోర్టు ఒప్పుకోలేదు. ఆ నీటిని కొనగలిగింది రేవు యాజమాన్యం ఒక్కటే, వేరే బేరగాడు లేనప్పుడు దానికి విలువెక్కడిదంది. 1939లో అప్పటి అత్యున్నత అప్పీలు న్యాయస్థానమైన లండన్‌లోని ప్రివీ కౌన్సిల్ తరఫున తీర్పు చెప్పిన లార్డ్ రోమర్ ఈ తర్కాన్ని కొట్టేశారు. కొనేవాడు ఒక్కడే అయినా, భూమిని బలవంతాన తీసుకునే అధికారం ఆ ఒక్కడికే ఉన్నా, ఊట విలువ సున్నా కాదు. ఇష్టపడి అమ్మేవాడూ ఇష్టపడి కొనేవాడూ కూర్చుంటే తెగే బేరమే న్యాయమైన ధర. అమ్మనన్న పట్టుదలనూ, కొనేవాడి తొందరనూ రెంటినీ పక్కన పెట్టాలి. అప్పటికి రేవులోకి ఓడలు రావడం మొదలై ఐదేళ్లు దాటింది. పదకొండేళ్లు లండన్ దాకా పోరాడే స్తోమత జమీందారుకుంది. మెట్ట రైతుకు అది ఎక్కడిది?

భూమి ఇవాళ ఏం పండిస్తోందన్నది ఒక్కటే కాక, ఏం కాగలదన్నది కూడా ధరలో భాగమని ఆ తీర్పు తేల్చింది. ఆచరణలో దాన్ని మింగేస్తున్నది సబ్‌రిజిస్ట్రార్ కార్యాలయంలోని అంకె. 2013 భూసేకరణ చట్టం ప్రకారం స్టాంపు డ్యూటీ కోసం నిర్ణయించిన విలువ, చుట్టుపక్కల మూడేళ్ల అమ్మకాల్లో ఎక్కువ ధర పలికిన సగం దస్తావేజుల సగటు వంటివాటిలో ఏది పెద్దదైతే అది తీసుకుంటారు. పల్లెల్లో దాన్ని రెండు రెట్ల వరకూ పెంచవచ్చు, ఆపైన బలవంతాన తీసుకున్నందుకు నూరు శాతం సొలేషియం, అంటే ఓదార్పు మొత్తం ఇవ్వాలి. వినడానికి ఘనంగానే ఉంది. కానీ అసలు తక్కువైతే రెట్టింపూ తక్కువే. కాగితం మీది ధర వేరు, చేతులు మారే ధర వేరని ఊరందరికీ తెలుసు. దస్తావేజుల్లో ధర దాచింది జనమే కదా, ఆ ఫలితం వాళ్లే అనుభవించాలనే వాదన ఉంది. దస్తావేజు రాయించుకుని స్టాంపు డ్యూటీ కట్టేది ఎక్కువగా కొన్నవాడు. తాతల నాటి చెక్కను ఏనాడూ అమ్మని రైతు, పక్కవాడి కాగితంలోని అబద్ధానికి ఎందుకు నష్టపోవాలి? సేకరణ మొదలుపెట్టకముందే ఆ ప్రాంతపు విలువలను వాస్తవ ధరలకు సవరించాలని 26వ సెక్షన్ కలెక్టరును ఆదేశిస్తోంది. చట్టంలోని ఈ మాటే నా దృష్టిలో అన్నిటికన్నా విలువైనది.

ఇంతకన్నా గట్టి అభ్యంతరం ఇంకొకటుంది. విమానాశ్రయం వల్ల పెరిగే ధర ప్రజల డబ్బుతో వచ్చింది, అది రైతుకెలా చెందుతుందని అడుగుతారు. సూత్రంగా ఇది సరైనదే, లోవ తోట తీర్పూ దీన్ని కాదనలేదు. పథకం తెచ్చిన పెరుగుదల వేరు, పథకానికి ముందే నేలలో ఉన్న అవకాశం వేరు. విశాఖకూ విజయనగరానికీ నడుమ, రహదారి అంచున, సముద్రానికి దగ్గరగా ఉన్న పొలానికి ఆ అవకాశం విమానాశ్రయం మాట వినబడక ముందునుంచే ఉంది. పైగా పెరుగుదల అందరిదన్న సూత్రం అందరికీ వర్తించాలి. 2020లో రాష్ట్ర మంత్రివర్గం విమానాశ్రయాన్ని 2,200 ఎకరాలకు కుదించి, 500 ఎకరాలు ప్రభుత్వం చేతిలోనే ఉంచాలని నిర్ణయించింది, వాటి మీద ఆదాయం వస్తుందన్న లెక్కతోనే. రేపటి ధర ప్రభుత్వానికి లెక్కలోకి వచ్చినప్పుడు రైతుకూ రావాలి. సేకరించిన భూమిని అభివృద్ధి చేయకుండా ఎక్కువ ధరకు మరొకరికిస్తే, పెరిగిన విలువలో 40 శాతం పాత యజమానులకు పంచాలని 2013 చట్టమే చెబుతోంది.

ప్రభుత్వం పేదలకు పంచిన డి-పట్టా భూముల రైతుల సంగతి ఇంకా కష్టం. ఆ భూములకూ సొంత హక్కున్న జిరాయితీ భూములతో సమానంగా పరిహారం ఇవ్వాలని చేవెళ్ల ఆర్డీవో కేసులో ఉమ్మడి రాష్ట్ర హైకోర్టు 2004లోనే చెప్పింది. 2020లో విశాఖ చుట్టూ పది మండలాల్లో ఇళ్ల స్థలాల కోసం 6,116 ఎకరాల సమీకరణ (ల్యాండ్ పూలింగ్) తలపెట్టినప్పుడు డి-పట్టా ఎకరానికి ఇస్తామన్నది 900 గజాల అభివృద్ధి చేసిన స్థలం. ఎకరా అంటే 4,840 గజాలు. రోడ్లు, కాలువలు వేసిన స్థలం విలువ ఎక్కువన్నది నిజమే కావచ్చు, ఆ లెక్క ఎవరు వేశారన్నదే ప్రశ్న. సేకరణలో అధికారి పరిహారం తేలుస్తూ అవార్డు ఇస్తాడు, అది చాలదనుకుంటే తగవును పైకి పంపమని అడిగే హక్కు రైతుకుంటుంది. సమీకరణలో అవార్డే ఉండదు. లోవ తోట యజమాని ఎక్కిన మొదటి మెట్టే అక్కడ లేదు.