సహాయ నటుడు పి.ఎల్.నారాయణ

అలంకార శాస్త్రం చదువుకొన్నవారికి నాయకుడనగానే ధీరోదాత్తాది భేదాలు నాలుగు స్ఫురిస్తాయి. అతని వెంటనుండే వారికి కూడా పీఠమర్దుడు, విటుడు, చేటుడు, విదూషకుడు అని పేర్లున్నాయి. తీర్చలేని అప్పుతో పదిమంది పెద్దల ముందు తల వంచుకొని నిలబడ్డ రైతు వీటిలో దేని క్రిందికి వస్తాడో లాక్షణికులెవరూ చెప్పలేదు. మన తెలుగు తెరపై ఆ మనిషికి రూపమిచ్చినవారు కీ.శే. పి.ఎల్.నారాయణగారు.

ఆయనది బాపట్ల. పుట్టినది 1935లో. నాటకరంగం నుండి సినిమాకు వచ్చారు. బక్కపలుచని దేహం, ఆడంబరం లేని మాట. మన పరిశ్రమ ఇటువంటివారికి పేద తండ్రి వేషం ఒకటి ఇచ్చి ఊరుకుంటుంది. 'మయూరి' (1985)లో కాలు కోల్పోయిన అమ్మాయికి తండ్రిగా ఆయనను చూసినవారు నేటికీ మరువలేదు. 1983లో 'నేటి భారతం'తో దర్శకుడైన టి.కృష్ణగారి చిత్రాలలో కూడా కనిపించారు. 1986లో కృష్ణగారు అకాలమరణం పాలు కావడంతో ఆ తోవ సన్నగిల్లిందని నా అభిప్రాయం.

ఆయనకు అసలైన గౌరవం దక్కింది మాత్రం జనం అంతగా చూడని సినిమాకు. కాళీపట్నం రామారావు మాస్టారి 'యజ్ఞం' కథను గుత్తా రామినీడుగారు తెరకెక్కించారు. 1959లో 'మా ఇంటి మహాలక్ష్మి' తీసిన దర్శకుడాయన. 'యజ్ఞం'లో నటనకు గాను 1991 సంవత్సరపు జాతీయ ఉత్తమ సహాయ నటుడి పురస్కారం నారాయణగారిని వరించింది. శారదకు 'నిమజ్జనం', అర్చనకు 'దాసి', ఈయనకు 'యజ్ఞం'. మూడూ అంచున నిలిచిన చిత్రాలే. వందరోజుల పండుగలు చేసుకొనేవారు ఈ వరుసను ఒకసారి చూసుకోవాలి.

ఈ చిత్రాన్ని నేను చూడలేకపోయాను. మా ఆకివీడు హాళ్ళకు ఇటువంటివి వచ్చిన జ్ఞాపకం లేదు. (దెందులూరులో పుట్టిన కె.బి.తిలక్‌గారు 1976లో 'కొల్లేటి కాపురం' తీశారు కనుక మా ప్రాంతానికి సినిమా బొత్తిగా అన్యాయం చేసిందనలేను.) కథ మాత్రం ఎన్నిసార్లు చదివానో! తరతరాల అప్పు తలపైన వ్రేలాడుతుండగా, కొడుకు బానిస కాకూడదని సీతారాముడు ఆ పసివాణ్ణి చంపివేస్తాడు. ఆ ముగింపు చదివాక మా పాఠశాలలో మరుసటి రోజు పద్యం చెప్పలేకపోయాను.

2006లో కొల్లేటిలో ఐదవ కాంటూరు లోపలి చేపల చెరువుల గట్లు తెగ్గొట్టారు. సరస్సు బ్రతకడానికి అది అవసరమే కావచ్చు, కాదనను. కానీ వడ్డీకి తెచ్చిన సొమ్ము చెరువులో పెట్టిన ఒక చిన్న రైతు మా అరుగుమీద కూర్చుని, చాలాసేపు ఏమీ మాట్లాడకుండా తువ్వాలు మడుస్తూ, విప్పుతూ ఉండిపోయాడు. "మాస్టారూ, వెళ్ళొస్తానండి" అని మాత్రం అని లేచిపోయాడు. నారాయణగారిని తెరమీద చూసినప్పుడల్లా నాకు ఆ తువ్వాలే గుర్తుకు వస్తుంది. ఏడుపు లేదు, కేక లేదు. చేతులకు ఏంచేయాలో తెలియని స్థితి అది. దానిని నటించడం ఎంత కష్టమో నాటకం ఆడినవారికి తెలుస్తుంది.

1995లో 'యజ్ఞంతో తొమ్మిది'కి కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది. 1998 నవంబరులో నారాయణగారు వెళ్ళిపోయారు. కారా మాస్టారు 2021 వరకు ఉన్నారు. 'యజ్ఞం' చిత్రం ప్రతి ఎవరి వద్దనైనా ఉన్నట్లు తెలిస్తే నాకు ఒక మాట చెప్పగలరు.