రాజశేఖర చరిత్రలో చావని అల్లుడు

పోయాడనుకున్న మొగుడు మూడొందల ఎపిసోడ్ల తర్వాత గుమ్మంలో ప్రత్యక్షమైతే మనం టీవీ సీరియళ్ళని తిట్టుకుంటాం. ఈ ట్రిక్కు వాళ్ళు కనిపెట్టింది కాదండీ. 1878లోనే కందుకూరి వీరేశలింగం గారు వాడేశారు.

"రాజశేఖర చరిత్రము" ముందు ఆయన పత్రిక వివేకవర్ధనిలో సీరియల్‌గానే వచ్చింది, 1880లో పుస్తకమైంది. గోల్డ్‌స్మిత్ "వికార్ ఆఫ్ వేక్‌ఫీల్డ్" దానికి ప్రేరణ. కానీ ధవళేశ్వరంలోని ఆ ఇల్లు మాత్రం పక్కా మనదే. డబ్బున్నంత కాలం రాజశేఖరుడి చుట్టూ చుట్టాలూ, పొగిడేవాళ్ళూ. బంగారం చేసిపెడతానన్న బైరాగి ఉన్న బంగారం కాస్తా ఊడ్చుకుపోతాడు. ఆ తర్వాత చుట్టాలెవరూ కనపడరు. విలన్లెవరూ అక్కర్లేకుండానే కుటుంబం కూలిపోతుంది. నాకు పుస్తకంలో అన్నిటికన్నా నచ్చింది ఇదే.

అన్నట్టు, కథలో వీళ్ళని ఆదుకునేది పెద్దాపురం ప్రభువు కృష్ణజగపతి. పెద్దాపురం ప్రభువులది వత్సవాయి వంశం, మా తుని జమీందార్లదీ అదే. అంచేత మా ఊరివాళ్ళకి ఈ నవల మీద కాస్త హక్కుందని నా వాదన :)

ఇక రాజశేఖరుడి కూతురు రుక్మిణి. భర్త నృసింహస్వామి పోయాడని కబురొస్తుంది. ఇంట్లో వయసులో ఉన్న వితంతువు. ఆ రోజుల్లో ఇంతకన్నా చిక్కైన కుటుంబ కథ ఏముంటుంది? తీరా చూస్తే కబురు అబద్ధం, అల్లుడు బతికే ఉంటాడు. చిక్కుముడి విప్పకుండా పక్కన పెట్టేశారన్నమాట. మన భాషలో చెప్పాలంటే, బగ్ ఫిక్స్ చెయ్యలేదు, వర్క్‌అరౌండ్ పెట్టారు.

పిరికితనమా? ఆ మాట అనలేం. 1879లో వితంతు వివాహాల మీద బహిరంగంగా ఉపన్యాసాలు మొదలుపెట్టిన మనిషాయన. మర్నాటేడు పుస్తకం వేసేటప్పుడైనా ముగింపు మార్చొచ్చు, మార్చలేదు. బహుశా రుక్మిణికి మళ్ళీ పెళ్ళి చేస్తే ఆ నవలని ఏ ఇంట్లోకీ రానివ్వరని లెక్కేసి ఉంటారు. తల్లిదండ్రులు పక్కన కూర్చుని చదవగలిగిన కథగా ఉంచడానికి అల్లుణ్ణి బతికించారని నా అనుమానం.

అసలు పెళ్ళి మాత్రం వాయిదా వెయ్యలేదు. 1881 డిసెంబరు 11న రాజమండ్రిలో బాల వితంతువు గౌరమ్మకీ, గోగులపాటి శ్రీరాములుకీ దగ్గరుండి పెళ్ళి చేయించారు. ఆ పెళ్ళికి వెళ్ళినవాళ్ళని బంధువులు వెలేశారు.