మాటలేని భీష్మ ప్రతిజ్ఞ

భీష్ముని కథకు ప్రాణం ఒక మాట. దాశరాజు ఎదుట ఆ మాట పలికినందుకే దేవవ్రతుడు భీష్ముడయ్యాడు. అటువంటి కథను మాటలే వినిపించని చిత్రంగా తీయబూనడం విచిత్రంగా తోచవచ్చు. 1921లో మద్రాసులో రఘుపతి వెంకయ్య, ఆయన కుమారుడు ప్రకాశ్ ఆ పనే చేశారు. కాని చూడవచ్చినవారికి కథ చెప్పవలసిన పని లేదు. పురాణ కాలక్షేపాలలోనూ హరికథలలోనూ వారు దానిని ఎన్నిమార్లో విన్నవారే. తెరపై పెదవులు కదిలితే చాలు, మాటలను ప్రేక్షకులే పూరించుకొనేవారు. మన తొలి మూకీలు చాలావరకు ఇతిహాస పురాణాలను ఆశ్రయించడానికి ఇదొక కారణం.

బందరువాడైన వెంకయ్య మద్రాసులో ఫొటోగ్రాఫరు. కుమారుణ్ణి ఇంగ్లండు పంపి చిత్రనిర్మాణం నేర్పించాడు. ‘భీష్మ ప్రతిజ్ఞ’కు దర్శకుడూ, భీష్మ పాత్రధారీ ప్రకాశే. చిత్రీకరణకు వారు గాజు స్టూడియో కట్టించారు. ఆనాటి ఫిల్ముపై బొమ్మ పడడానికి వెలుతురు మెండుగా కావాలి. సూర్యుని మించిన చవుక దీపం ఏముంది?

ఆ చిత్రం నేడు లేదు. అందుకు కారణం చాలావరకు ఫిల్ములోనే ఉన్నదనవచ్చు. ఆ కాలపు ఫిల్ము సెల్యులోజ్ నైట్రేట్‌తో చేసినది. దూదిని నత్రికామ్లంతో చర్య పొందించి, మెత్తదనానికి కర్పూరం కలిపేవారు. తుపాకిమందుగా వాడే దూదికి ఇది దగ్గరి చుట్టం. దీనిలోనే ఆమ్లజని ఉండడం వల్ల, అంటుకొంటే నీటిలో ముంచినా ఆరదు. అంటుకోకపోయినా ఊరుకోదు. మెల్లమెల్లగా నత్రజని ఆక్సైడ్లను విడుస్తుంది. అవి గాలిలోని తేమతో కలిసి ఆమ్లమై, ఆ ఫిల్మునే మరింత వేగంగా తింటాయి. మొదట బొమ్మ వెలుస్తుంది, పిమ్మట చుట్ట జిగురై అంటుకొంటుంది, చివరకు గోధుమరంగు పొడి మిగులుతుంది. వేడి, తేమ ఈ చర్యను త్వరపెడతాయి. మద్రాసులో ఆ రెండింటికీ కొదవలేదు.

అయినా ఒక మూకీ చిత్రమైన రీతిగా బ్రతికింది. సి.వి. రామన్ పిళ్ళై 1891లో ప్రచురించిన మలయాళ చారిత్రక నవల ‘మార్తాండవర్మ’ను 1933లో పి.వి. రావు చిత్రంగా తీశాడు. నవల హక్కులు తమవని ప్రచురణకర్తలు దావా వేయగా, ప్రదర్శన ఆగిపోయింది. ప్రతి వారి వద్దనే ఉండిపోయింది. ఊరూరా తిరిగి యంత్రాలలో అరిగిపోయే యోగం దానికి తప్పింది. 1974లో పూనాలోని జాతీయ చలనచిత్ర భాండాగారానికి చేరింది. ప్రేక్షకులకు దూరం చేసిన దావాయే దానిని కాపాడిందన్నమాట.

‘భీష్మ ప్రతిజ్ఞ’పై ఎవరూ దావా వేయలేదు. వ్యాసుని కథకు హక్కుదారు ఎవరు?