ముషి ప్రొడక్షన్: ఒక తక్కువ ధర చరిత్ర

1963 జనవరి 1 సాయంత్రం జపానులోని ఫుజి టెలివిజన్ ‘తెత్సువాన్ ఆతొము’ అనే నలుపు తెలుపు బొమ్మల ధారావాహికను మొదలుపెట్టింది. వారానికొక అరగంట కథను యానిమేషన్‌లో చెప్పడం ఆ దేశంలో అదే మొదలు. దాన్ని నిర్మించిన ముషి ప్రొడక్షన్‌కు అప్పటికి రెండేళ్ళు నిండలేదు. ఆ తరువాత పదకొండేళ్ళు పూర్తికాకముందే ఆ సంస్థ దివాలా తీసింది. కానీ అది అలవాటు చేసిన పద్ధతీ, ధరా ఆ పరిశ్రమలో నిలిచిపోయాయి.

స్థాపకుడు టెజుకా ఒసాము (1928–1989) వైద్యవిద్య చదివి, మాంగా రచయితగా స్థిరపడినవాడు. చిన్ననాట పురుగుల మీద ఉన్న మక్కువతో తన కలంపేరులో పురుగు అనే అర్థమిచ్చే ‘ముషి’ అక్షరాన్ని చేర్చుకున్నాడు. సంస్థకూ ఆ పేరే పెట్టాడు. డిస్నీ చిత్రాలంటే ఆయనకు ఆరాధన. 1956లో ఏర్పడిన తోయెయ్ దోగా 1958లో జపాను తొలి పూర్తినిడివి రంగుల యానిమేషన్ చిత్రాన్ని విడుదల చేసింది. టెజుకా మాంగా ఆధారంగా 1960లో ‘సాయ్యూకి’ని కూడా తీసింది. ఆ చిత్రానికి పనిచేసిన అనుభవం టెజుకాను సొంత స్టూడియో వైపు నడిపించింది. 1961లో తోక్యో నగరం నెరిమాలోని తన ఇంటి ఆవరణలోనే పని ప్రారంభించాడు. మాంగాల మీద వచ్చే రాబడే పెట్టుబడి.

అసలు చిక్కు లెక్కలో ఉంది. సినిమా ఫిల్ము సెకనుకు 24 ఫ్రేములు నడుస్తుంది. ఒక్కో బొమ్మను రెండు ఫ్రేములపాటు నిలిపినా, సెకనుకు 12 బొమ్మలు కావాలి. ఆ లెక్కన పాతిక నిమిషాల కథకు 18,000 బొమ్మలు అవసరం. వారం వారం అన్ని గీయడం ఏ స్టూడియోకూ సాధ్యం కాదు. ముషి కళాకారులు ఒక్కో బొమ్మను మూడు ఫ్రేములు నిలిపారు. మాట్లాడేటప్పుడు పెదవులనే కదిలించారు, కదలని బొమ్మ మీద కెమెరాను కదిపారు. ఎగిరే ఆతొము, పరిగెత్తే ఆతొము వంటి దృశ్యాలను దాచి, మళ్ళీ మళ్ళీ వాడారు. ఆ విధంగా ఒక భాగాన్ని సుమారు రెండు వేల బొమ్మలతో ముగించగలిగారు. కదలికలో తగ్గిన బిగిని కథనంతో, కూర్పుతో, శబ్దంతో పూరించారు.

ధర సంగతి ఇంకా క్లిష్టం. ఒక్కో భాగాన్ని 5,50,000 యెన్లకే టెజుకా ఒప్పుకున్నాడనే కథ చాలాకాలం ప్రచారంలో ఉంది. ప్రకటనల సంస్థ మాన్నెన్‌షా దానికి తోడు మరికొంత సొమ్ము ఇచ్చిందని తరువాతి పరిశోధకులు చూపించారు. ఏమైనా నిర్మాణవ్యయానికి అది చాలలేదన్నది నిర్వివాదం. ఆ లోటును టెజుకా మాంగా సంపాదనా, బొమ్మ హక్కులూ పూడ్చాయి. స్పాన్సరైన మెయిజీ సంస్థ చాక్లెట్లతో ఇచ్చిన ఆతొము స్టిక్కర్ల కోసం పిల్లలు ఎగబడ్డారు. 1964 జనవరిలో ఒక భాగాన్ని 40 శాతానికి పైగా ఇళ్ళలో చూశారు. అమెరికాలో ఎన్‌బీసీ అనుబంధ సంస్థ భాగానికి సుమారు 10,000 డాలర్ల చొప్పున తొలి 52 భాగాలను కొన్నది. అక్కడ దాని పేరు ‘ఆస్ట్రో బాయ్’. ఆ అండతోనే 1965లో ‘జంగల్ తైతెయ్’ రంగుల్లో వచ్చింది.

ఈ విజయమే సంస్థకు పోటీని తెచ్చింది. 1963 చివరికే తోయెయ్‌తో సహా ఇతర సంస్థలు టెలివిజన్ ధారావాహికలకు దిగాయి. ఆతొము ధర అందరి బేరాలకూ కొలమానమైంది. ముషిలో ఉద్యోగులు వందల్లోకి పెరిగారు. పని ఎడతెగక సాగాలంటే నష్టం వచ్చే ఒప్పందాలనూ కాదనలేని పరిస్థితి. 1966 డిసెంబరు 31న ఆతొము 193వ భాగంతో ముగిసింది. పెద్దల కోసం తీసిన ‘వెయ్యిన్నొక్క రాత్రులు’ (1969) ప్రేక్షకులను రప్పించినా, ‘క్లియోపాత్రా’ (1970) ఆదుకోలేదు. కార్మిక వివాదాల నడుమ 1971లో టెజుకా అధ్యక్షపదవి నుంచి తప్పుకున్నాడు. 1973లో ‘విషాద బెల్లదొన్న’ కూడా నష్టపోయింది. ఆ ఆగస్టులో హక్కులూ ప్రచురణలూ చూసే అనుబంధ సంస్థ కూలిపోగా, నవంబరులో ముషి దివాలా తీసింది. పాత ఉద్యోగులు అదే పేరుతో 1977లో మరో సంస్థను నిలబెట్టుకున్నారు.

స్టూడియో పోయినా, అక్కడ పని నేర్చినవారు మిగిలారు. 1972లోనే అక్కడినుంచి బయటికి వచ్చినవారు మ్యాడ్‌హౌస్, సన్‌రైజ్ సంస్థలను స్థాపించారు. ముషిలో పనిచేసిన తోమినో యొషియుకి 1979లో సన్‌రైజ్ తరఫున ‘గుండం’ ధారావాహికకు దర్శకత్వం వహించాడు.

టెజుకా మరణించాక, ఆయన ఒప్పుకున్న తక్కువ ధర మొత్తం రంగాన్నే దెబ్బతీసిందని మియజాకి హయావొ బహిరంగంగా విమర్శించాడు. అంత తక్కువకు ఇవ్వకపోతే టెలివిజన్ సంస్థలు కొనేవే కావన్నది ఎదుటివారి వాదన. రెండింటిలోనూ నిజముంది. కానీ ఇక్కడ గమనించవలసిన తేడా ఒకటి ఉంది. ఆ లోటును పూడ్చడానికి టెజుకాకు మాంగా రాబడి ఉండేది. అదే ధరకు పనిచేయవలసి వచ్చిన తరువాతివారికి అలాంటి ఆధారం లేదు. వారి విషయంలో ఆ లోటు బొమ్మలు గీసేవారి వేతనాల మీద పడింది. జపాన్ యానిమేషన్ కళాకారుల తక్కువ జీతాల గురించి నేటికీ సాగుతున్న చర్చకు మూలాలు వెతికితే, వాటిలో ఒకటి నెరిమాలోని ఆ ఇంటి ఆవరణలో దొరుకుతుంది.