యోఖిమ్ గోట్షాల్క్ – ఏడు చిత్రాల నటుడు

జర్మన్ చలనచిత్ర రంగంలో యోఖిమ్ గోట్షాల్క్ కథానాయకునిగా వెలిగినది నాలుగు సంవత్సరాలు మాత్రమే. నటించిన చిత్రాలు ఏడు. ఆయన పేరు నేడు జర్మనీ వెలుపల అరుదుగా వినబడుతుంది.

గోట్షాల్క్ 1904 ఏప్రిల్ 10న తూర్పు జర్మనీలోని కాలావు పట్టణంలో ఒక వైద్యుని కుమారునిగా జన్మించారు. యౌవనంలో కొంతకాలం ఓడలపై పనిచేసి, తరువాత రంగస్థలానికి వచ్చారు. 1930లో మేటా వోల్ఫ్ అనే నటిని వివాహమాడారు. ఆమె యూదు వంశీయురాలు. 1933లో హిట్లర్ అధికారంలోకి రావడంతో ఆమెకు రంగస్థలం మూతపడింది. అదే సంవత్సరం వారికి మైకేల్ అనే కుమారుడు కలిగాడు.

ఫ్రాంక్‌ఫర్ట్ నాటకశాలలో పేరు పొందిన గోట్షాల్క్ 1938లో బెర్లిన్ చేరారు. ఆ సంవత్సరమే విడుదలైన ‘నువ్వూ నేనూ’ చిత్రంలో బ్రిగిట్టే హోర్నై సరసన నటించారు. ఈ జంటను ప్రేక్షకులు ఎంతగానో ఆదరించారు. ‘డమాస్కస్‌లో తిరుగుబాటు’ (1939), ‘ఫానో పిల్ల’ (1941) చిత్రాలలోనూ వీరే నాయికానాయకులు. 1941లోనే వచ్చిన ‘స్వీడన్ కోకిల’లో గోట్షాల్క్ డెన్మార్క్ కథకుడు హాన్స్ క్రిస్టియన్ ఆండర్సన్ పాత్ర ధరించారు. అదే ఆయన చివరి చిత్రం.

యూదు స్త్రీని వివాహమాడిన నటుడు ఆ రోజులలో ప్రత్యేక అనుమతిపైనే నటించవలసి వచ్చేది. చిత్రరంగం ప్రచార మంత్రి గోబెల్స్ గుప్పిట్లో ఉండేది. భార్యకు విడాకులు ఇవ్వవలసిందిగా గోట్షాల్క్‌పై ఒత్తిడి వచ్చింది. ఆయన అంగీకరించలేదు. ఆ ఒక్క మాటతో అవకాశాలన్నీ మూసుకుపోయాయి. వృత్తిని నిలుపుకొనడానికి విడాకులు తీసుకున్నవారు ఆ కాలంలో లేకపోలేదు. గోట్షాల్క్ నిరాకరణ విలువ అక్కడే తెలుస్తుంది.

చివరకు మేటానూ, ఎనిమిదేళ్ల మైకేల్‌నూ దేశం నుండి తరలించే ప్రమాదం ముంచుకొచ్చింది. తననూ వారితో పంపమని ఆయన కోరినా ఫలితం లేకపోయిందని జీవితచరిత్రలు చెబుతున్నాయి. 1941 నవంబరు 6న బెర్లిన్‌లోని స్వగృహంలో కుమారునితో సహా దంపతులు ప్రాణాలు విడిచారు. పత్రికలు మౌనం వహించాయి. అంత్యక్రియలకు వెళ్లరాదన్న హెచ్చరికను లెక్కచేయక హాజరైన కొద్దిమందిలో హోర్నై ఒకరు.

‘ఫానో పిల్ల’ దర్శకుడు హాన్స్ ష్వైకార్ట్ ఈ విషాదాన్ని ఆధారం చేసుకొని ఒక కథ వ్రాశారు. దానిని కుర్ట్ మేట్సిగ్ పాత్రల పేర్లు మార్చి ‘నీడలో దాంపత్యం’గా తెరకెక్కించారు. మేట్సిగ్ తల్లి కూడా యూదు వంశీయురాలే. నాజీల బారిన పడకుండా ఆమె 1944లో ఆత్మహత్య చేసుకున్నారు. 1947 అక్టోబరు 3న ఈ చిత్రం, నాలుగు దేశాల సైన్యాల అధీనంలో ఉన్న బెర్లిన్ నగరపు నాలుగు భాగాలలోనూ ఒకేసారి విడుదలైంది. కోటిమందికి పైగా చూశారు.

గోట్షాల్క్ కుటుంబ సమాధి బెర్లిన్ సమీపాన ష్టాన్స్‌డోర్ఫ్ శ్మశానవాటికలో ఉంది.