సహాయక భాషగా మిగిలిన ఇంటి భాష: ఫిలిప్పీన్స్ బడులలో మాతృభాష చరిత్ర

ఫిలిప్పీన్స్ దీవులలో నూరుకు పైగా భాషలు వాడుకలో ఉన్నాయి. వీటిలో దాదాపు అన్నీ ఆస్ట్రోనేషియన్ అనే ఒకే భాషాకుటుంబానికి చెందినవే అయినా, తెలుగు మాత్రమే తెలిసినవారికి తమిళం ఎలా వినిపిస్తుందో, మనీలా పరిసరాల టగలాగ్ మాత్రమే తెలిసినవారికి మధ్య దీవుల సెబువానో గాని, ఉత్తరాది ఇలోకానో గాని అలాగే వినిపిస్తుంది. చుట్టరికం తెలుస్తుంది, మాట మాత్రం అర్థం కాదు. ఇటువంటి దేశం 1974లో ద్విభాషా విద్యా విధానాన్ని ప్రకటించినప్పుడు ఎంచుకున్న రెండు భాషలలో ఒకటి ఇంగ్లీషు, రెండవది టగలాగ్ పునాదిగా నిర్మించిన జాతీయ భాష. ద్విభాషా విద్య అంటే సాధారణంగా బిడ్డ ఇంటి భాషతో మొదలుపెట్టి దానికి మరో భాషను జోడించడం. ఫిలిప్పీన్స్‌లో మాత్రం టగలాగ్ ప్రాంతానికి వెలుపల పుట్టిన పిల్లలకు ఆ రెండూ బయటి భాషలే అయ్యాయి. ఆ దేశంలో విద్యాభాష మీద జరిగిన వాదమంతా ఇంగ్లీషుకూ జాతీయ భాషకూ నడుమ తగవుగానే సాగడం వల్ల, బిడ్డ మాట్లాడే మూడో భాష చాలాకాలం లెక్కలోకే రాలేదు.

ఈ పరిస్థితికి మూలాలు వలస పాలనలో ఉన్నాయి. మూడు వందల ఏళ్లకు మించి పాలించిన స్పెయిన్ తన భాషను ప్రజలకు నేర్పడానికి పెద్దగా ప్రయత్నించలేదు. క్రైస్తవ మతగురువులే స్థానిక భాషలు నేర్చుకుని, వాటిలోనే ప్రసంగించి, వాటికి వ్యాకరణాలు, నిఘంటువులు రాశారు. ఆ దీవులలో అచ్చయిన తొలి పుస్తకాలలో ఒకటైన 1593 నాటి ‘దోక్త్రినా క్రిస్తియానా’ స్పానిష్, టగలాగ్ భాషలు రెండింటిలోనూ ఉంది. 1863లో స్పెయిన్ ప్రభుత్వం ప్రాథమిక పాఠశాలలకు ఉత్తర్వు ఇచ్చినా, ఆ పాలన ముగిసేనాటికి స్పానిష్ బాగా వచ్చినవారు విద్యావంతులైన కొద్దిమందే. 1899లో విప్లవ ప్రభుత్వం మలోలోస్‌లో రూపొందించిన రాజ్యాంగం దేశంలోని భాషలలో దేనిని వాడుకోవాలన్నది ప్రజల ఇష్టానికి వదిలి, ప్రభుత్వ, న్యాయ వ్యవహారాలకు తాత్కాలికంగా స్పానిష్‌ను ఉంచింది. స్పెయిన్ స్థానంలోకి వచ్చిన కొత్త పాలకులైన అమెరికన్లు ఇందుకు పూర్తిగా భిన్నమైన దారి పట్టారు. 1901 నాటి 74వ చట్టం ప్రభుత్వ పాఠశాలల వ్యవస్థను నెలకొల్పి, బోధన ఇంగ్లీషులోనే సాగాలని నిర్దేశించింది. ఆ ఏడాది ఆగస్టులో ‘థామస్’ అనే సైనిక రవాణా నౌకలో సుమారు ఐదు వందల మంది అమెరికన్ ఉపాధ్యాయులు మనీలాకు వచ్చారు. ఆ నౌక పేరు మీదనే వారిని థామసైట్లు అంటారు. వారిలో చాలామంది మారుమూల ఊళ్లలో నిష్ఠగా పనిచేశారు. కొందరు అక్కడే జబ్బుపడి చనిపోయారు. వారి సేవను తక్కువ చేయనక్కరలేదు గాని, స్థానిక భాష తెలియని గురువు, ఇంగ్లీషు తెలియని శిష్యుడు ఎదురెదురుగా కూర్చున్న బడే అప్పటినుంచి దేశమంతటికీ నమూనా అయింది.

ఆ నమూనా ఎంతవరకు పనిచేసిందో పరిశీలించడానికి 1925లో కొలంబియా విశ్వవిద్యాలయపు పాల్ మన్రో ఆధ్వర్యంలో ఒక సర్వే జరిగింది. భాషతో పని తక్కువగా ఉన్న అంశాలలో ఫిలిప్పీన్స్ పిల్లలు అమెరికా పిల్లలకు పెద్దగా తీసిపోకపోయినా, చదివి అర్థం చేసుకోవడంలో, మాట్లాడడంలో చాలా వెనుకబడ్డారని, పరాయి భాషలో చదువు వారికి పెద్ద అడ్డంకిగా ఉందని అది తేల్చింది. చాలామంది పిల్లలు కొద్ది తరగతులతోనే బడి మానేస్తున్నందున, నేర్చిన ఆ కొంచెం ఇంగ్లీషు కూడా వారికి నిలవడం లేదన్న సంగతీ అప్పుడే బయటపడింది. అయినా సర్వే సంఘం ఇంగ్లీషునే కొనసాగించమంది. తర్వాతి దశాబ్దాలలోనూ ఇదే వరస: పరిశోధన ఒకటి చెబుతుంది, ఉత్తర్వు మరొకటి చేస్తుంది.

స్వపరిపాలన దగ్గరపడిన కొద్దీ జాతీయ భాష ప్రశ్న ముందుకు వచ్చింది. 1934–35లో సమావేశమైన రాజ్యాంగ పరిషత్తులో, ఉన్న దేశభాషలన్నిటి ఆధారంగా ఒక ఉమ్మడి భాషను రూపొందించాలా, వాటిలో ఒకదానిని ఎన్నుకోవాలా అన్న చర్చ సాగింది. పరిషత్తు మొదటి మార్గం వైపే మొగ్గినా, తుది పాఠాన్ని సవరించిన సంఘం చేతిలో అది ‘ఉన్న దేశభాషలలో ఒకదాని ఆధారంగా’ అని మారింది. ఈ చిన్న చేర్పుతోనే దేశ భాషా విధానం దారి మళ్లింది. 1936 నాటి 184వ చట్టం జాతీయ భాషా సంస్థను ఏర్పరచి, కనీసం ఐదు లక్షల మంది మాట్లాడే భాషలను పరిశీలించి, నిర్మాణంలోనూ సాహిత్యంలోనూ బాగా ఎదిగి, ఎక్కువమంది వాడే భాషను సిఫారసు చేయమని ఆదేశించింది. సంస్థ అధ్యక్షుడు హైమే దె వేరా లేతె దీవికి చెందిన వారాయ్ భాషీయుడు. మొదట నియమితులైన ఏడుగురిలో టగలాగ్ ప్రతినిధి సెసిలియో లోపెజ్ ఒక్కరే. రాజధాని భాష కావడం, అచ్చుయంత్రాలు, పత్రికలు, సాహిత్యం దాని చుట్టూ పెరగడం వల్ల టగలాగ్‌నే ఎంపిక చేశారు. 1937 డిసెంబరు 30న, జాతీయ వీరుడు హోసె రిజాల్ వర్ధంతి నాడు, అధ్యక్షుడు మాన్యుయెల్ కెజోన్ దానిని ప్రకటించారు. ఆయన పుట్టిన బాలేర్ కూడా టగలాగ్ ప్రాంతమే కావడంతో, మధ్య దీవులైన విసయాలవారి మనసులో ఈ ఎంపిక మీద అనుమానం నాటుకుంది. జనాభా లెక్కలలో సెబువానో మాట్లాడేవారు టగలాగ్ వారికి దీటుగా ఉన్న రోజులవి. 1940లో లోపె కె. సాంతోస్ వ్యాకరణం వెలువడింది, బడులలో జాతీయ భాష ఒక పాఠ్యాంశమైంది. 1959లో విద్యాశాఖ దానికి ‘పిలిపినో’ అని పేరు పెట్టింది గాని, పేరు మార్చినంత మాత్రాన సెబు బడులలో పిల్లలకు అది సులువు కాలేదు.

అంతకు ముందే ఇంటి భాషకు అనుకూలంగా బలమైన సాక్ష్యం ఒకటి దొరికింది. పనయ్ దీవిలోని ఇలోయిలో పాఠశాలల పర్యవేక్షకుడు హోసె అగిలార్ 1948 నుంచి 1954 వరకు ఒక ప్రయోగం జరిపించారు. ఒక వర్గం బడులలో మొదటి రెండు తరగతులు స్థానిక హిలిగాయ్నోన్‌లో, మరో వర్గంలో ఎప్పటిలాగే ఇంగ్లీషులో నడిచాయి. హిలిగాయ్నోన్‌లో చదివిన పిల్లలు చదవడంలో, లెక్కలలో, సాంఘిక శాస్త్రంలో ముందుండడమే కాక, మూడో తరగతిలో ఇంగ్లీషుకు మారిన కొద్ది వారాలకే తమకు తెలిసిన పాఠ్యవిషయాన్ని ఆ భాషలోనూ చెప్పగలిగారు. ఇంటి భాషలో గడిపిన కాలం ఇంగ్లీషుకు నష్టమన్న భయం నిజం కాదని ఒక మామూలు జిల్లా, మామూలు ఉపాధ్యాయులతోనే రుజువు చేసింది. దీని ప్రభావంతోనే 1957లో మొదటి రెండు తరగతులకు ప్రాంతీయ భాషలను మాధ్యమం చేశారు. ఫిలిప్పీన్స్ విద్యాచరిత్రలో ఇంతకంటే వివేకమైన నిర్ణయం మరొకటి కనిపించదు. అది రెండు దశాబ్దాలైనా నిలవలేదు.

దానిని తొలగించింది వలసవాదులు కారు, జాతీయవాదులు. రెనాతో కాన్‌స్తాంతినో 1966లో ప్రచురించిన సుప్రసిద్ధ వ్యాసం ఇంగ్లీషు చదువు ఫిలిపినోలను తమ దేశానికే పరాయివారిని చేసిందని వాదించింది. 1970 నాటి విద్యార్థి ఉద్యమాలు ఆ మాటను వీధుల్లోకి తెచ్చాయి. ఇంకోవైపు ఇంగ్లీషును వదలడానికి ప్రభుత్వమూ, తల్లిదండ్రులూ సిద్ధంగా లేరు. ఈ రెంటి నడుమ రాజీగా 1974 జూన్‌లో విద్యాశాఖ 25వ ఉత్తర్వు వచ్చింది. దాని ప్రకారం గణితం, విజ్ఞానశాస్త్రం ఇంగ్లీషులోను, సాంఘిక శాస్త్రం, నీతి బోధ, వృత్తి విద్య, ఆరోగ్య, వ్యాయామ విద్యలు పిలిపినోలోను బోధించాలి. ప్రాంతీయ భాష అవసరమైన చోట వివరణకు పనికివచ్చే ‘సహాయక భాష’గా మాత్రమే ఉండాలి. సెబు దీవిలో ఒక మత్స్యకారుడి బిడ్డకు దీని అర్థమేమిటో పాఠాల పట్టిక చూస్తే తెలుస్తుంది. కూడికలు ఒక తెలియని భాషలో, వెంటనే దేశచరిత్ర మరో తెలియని భాషలో; రెండింటి మధ్యా టీచరు తగ్గు గొంతుతో సెబువానోలో చెప్పే నాలుగు మాటలలోనే అసలు చదువు జరుగుతుంది. ఈ పంపకంలో మరో దోషమూ ఉంది. శాస్త్రం, సాంకేతికం, ఉద్యోగం ఇంగ్లీషుకు వెళ్లగా, దేశభక్తి, సత్ప్రవర్తన జాతీయ భాషకు మిగిలాయి. జాతీయ భాషను గౌరవించడానికి తెచ్చిన ఉత్తర్వే అది ఆధునిక విజ్ఞానానికి సరిపోదని పిల్లలకు రోజూ చెప్పినట్లయింది.

పదకొండేళ్ల అమలు తర్వాత భాషాశాస్త్రవేత్తలు ఆండ్రూ గొంజాలెజ్, బోనిఫాసియో సిబాయన్ చేసిన మూల్యాంకనం 1988లో వెలువడింది. ఈ విధానం వల్ల మేలు పొందినవారు మనీలాలోని టగలాగ్ పిల్లలేనని, టగలాగేతర గ్రామీణ పిల్లలు వెనుకబడ్డారని, ఫలితాలను తేల్చడంలో భాషతో పాటు కుటుంబ ఆర్థిక స్థితి, ఉపాధ్యాయుల సామర్థ్యం కూడా బలంగా పనిచేశాయని వారు తేల్చారు. ఈలోగా 1987 రాజ్యాంగం ‘ఫిలిపినో’ను జాతీయ భాషగా నిలిపి, అది ఇతర దేశభాషల నుంచీ పుష్టి పొందుతూ పెరగాలని ఆశించింది, ప్రాంతీయ భాషలకు మళ్లీ దక్కింది సహాయక హోదాయే. 2003లో అధ్యక్షురాలు గ్లోరియా అరోయో జారీచేసిన 210వ ఉత్తర్వు ఉన్నత పాఠశాలలలో కనీసం 70 శాతం బోధనాకాలాన్ని ఇంగ్లీషుకు కేటాయించమంది. విదేశీ ఉద్యోగాల మీద, కాల్ సెంటర్ల మీద ఆధారపడిన ఆర్థిక వ్యవస్థకు అది సహజమైన కోరికే.

సరిగ్గా ఆ సంవత్సరాలలోనే, ఉత్తర లుజోన్ కొండలలోని కళింగ రాష్ట్రంలో లుబువాగన్ అనే చోట ఇంటి భాషలో బోధన మళ్లీ మొదలై, ఆ తరగతుల పిల్లలు మిగిలినవారిని బాగా మించిపోయారు. 2009లో విద్యాశాఖ 74వ ఉత్తర్వు మాతృభాష పునాదిగా బహుభాషా విద్యను ప్రకటించింది, 2012లో పన్నెండు భాషలలో అది అమలులోకి వచ్చి, మరుసటి ఏడు పంతొమ్మిదికి పెరిగి, 2013 నాటి 10533వ చట్టంలో భాగమైంది. 1974 తర్వాత తొలిసారిగా ఇంటి భాష సహాయక హోదా నుంచి మాధ్యమ హోదాకు ఎదిగింది.

చట్టం చేసినంత వేగంగా పని జరగలేదు. ఏ భాషలో చదువు చెప్పాలన్నా ముందుగా దానికి నిలకడైన వర్ణక్రమం, వ్యాకరణం, నిఘంటువు, పిల్లలు చదవదగిన కథలు ఉండాలి. ఫిలిప్పీన్స్ అభివృద్ధి అధ్యయన సంస్థ పరిశీలించిన బడులలో పదో వంతు కూడా ఈ నాలుగింటినీ సమకూర్చుకోలేదు. వచ్చిన పుస్తకాలలోనూ చిక్కులున్నాయి. సెబువానో ఇళ్లలో పదివరకు సొంత అంకెలతో లెక్కించినా, ఆపైన ధరకు, గడియారానికి ‘ఓన్సె’, ‘దోసె’ అంటూ స్పానిష్ సంఖ్యలే పలుకుతారు; గణిత వాచకాలు మాత్రం తాతల కాలంలోనే వాడుక తప్పిన అచ్చ పదాలను అచ్చువేశాయి. ఇంటి భాషలో లెక్కలంటే ఇంతేనా అని తల్లులు విసుగుపడ్డారు. మాతృభాషా బోధన మీద వచ్చిన నిందలో సగం ఇటువంటి పుస్తకాలది. ఆ భాషలది కాదు. 2018లో ఇంగ్లీషులో జరిగిన అంతర్జాతీయ పీసా పరీక్షలో 79 దేశాలు, ప్రాంతాల మధ్య ఫిలిప్పీన్స్ చదివే సామర్థ్యంలో అట్టడుగున నిలిచింది. ఆ పరీక్ష రాసిన పదిహేనేళ్ల పిల్లలు 2012 సంస్కరణకు ముందే మొదటి తరగతులు దాటినవారు; అయినా ఆ వైఫల్యం వచ్చిపడింది కొత్త విధానం మీదే.

2024 అక్టోబరులో 12027వ చట్టం, అధ్యక్షుడి సంతకం లేకుండానే గడువు తీరి, అమలులోకి వచ్చింది. కిండర్‌గార్టెన్ నుంచి మూడో తరగతి వరకు మాధ్యమం తిరిగి ఫిలిపినో, ఇంగ్లీషులే. ప్రాంతీయ భాషకు మళ్లీ పాత సహాయక స్థానమే. తరగతిలోని పిల్లలందరూ ఒకే ఇంటి భాష మాట్లాడేవారైతే, ఆ భాషకు అధికారిక వర్ణక్రమం, నమోదైన పదసంపద, సాహిత్యం, వ్యాకరణం, బోధించగల ఉపాధ్యాయులు ఉంటే, అప్పుడు దానిని మాధ్యమంగా వాడుకోవచ్చునని చట్టం ఒక మినహాయింపు ఇచ్చింది. ఈ ఐదింటినీ సమకూర్చే బాధ్యత ప్రభుత్వానిదే. అవి లేవన్న కారణంతోనే ఆ భాషలను తరగతి గది నుంచి పక్కకు తప్పించినదీ ఆ ప్రభుత్వమే.